కదలని గల్లీల్లో ఐదు మధ్యాహ్నాలు

చిక్కడపల్లిలో నేనుండే మేడ మీది గదిలో మధ్యాహ్నం భోంచేసి, పేపరు ముఖాన కప్పుకుని పడుకుంటే పది నిమిషాల్లో ఆ ఊరు చేరతాను. మా వీధిలో కునుకు తీసే ప్రతివాళ్లూ అక్కడికి వెళ్లొస్తున్నవాళ్లే. లేచి ముఖం కడుక్కునేసరికి మరిచిపోతారు. నేను ముప్పయ్యేళ్లు పేపర్లో ఊరి వార్తలు రాసినవాణ్ణి కాబట్టి, చూసింది చూసినట్టు లేవగానే రాసి పెట్టుకునే అలవాటు పోలేదు. వాళ్లకూ నాకూ తేడా అంతే.

ఆ ఊరి పేరూ చిక్కడపల్లే. అక్కడా నారాయణగూడ ఉంది, అశోక్ నగర్ ఉంది. కాని అక్కడి గల్లీలకు నిలకడ లేదు. ఇవాళ మీ గల్లీ చివర కూరగాయల మార్కెట్ ఉంటే రేపు అదే చోట అంబర్‌పేట్ ఉండొచ్చు. అందుకని అక్కడివాళ్లు ఎక్కడికీ వెళ్లరు. వెళ్లాల్సిన చోటు తమ దగ్గరికి వచ్చేదాకా ఆగుతారు. పెళ్లికి పిలిస్తే, "మీ గల్లీ ఎదురైతే వస్తం తియ్" అంటారు. రెండు గల్లీల అంచులు ఆనుకున్నప్పుడు అటువాళ్లు ఇటు, ఇటువాళ్లు అటు దాటుతారు. అంతకు మించి గల్లీ దాటి నడిచినవాడు లేడు. నడిచి వెనక్కి తిరిగి చూస్తే ఇల్లుండదు మరి.

నేను ఈసారి వెళ్లేసరికి అక్కడ నిమ్మళం నడుస్తోంది. మనం పండుగ అన్నట్టు, కర్ఫ్యూ అన్నట్టు, వాళ్లు నిమ్మళం అంటున్నారు. సంగతి ఏమిటంటే, ఆ గల్లీలు మనుషుల గాబరాకు కదులుతాయి. ఒకరు అరిచినా, ఒకరు ఉరికినా, నలుగురు పగలబడి నవ్వినా ఏదో ఒక గల్లీ జరుగుతుంది. ఈ మధ్య గాబరా ఎక్కువై గంటకోసారి జరగడం మొదలైందట. పాలు ఒకరింటికి, పేపరు మరొకరింటికి. పిల్లలు ఒక గల్లీలో బడిలోకి పోయి వేరే గల్లీలో బయటికొస్తున్నారు. చూసి చూసి మూడు పేటల పెద్దలు తొమ్మిది రోజులు నిమ్మళం విధించారు. ఆ తొమ్మిది రోజులూ గల్లీలు కదలరాదు. అందుకోసం మనుషులు అరవరాదు, ఉరకరాదు, తగువాడరాదు, గట్టిగా నవ్వరాదు.

నేను దిగింది ఐదో రోజున. మన కునుకులో అక్కడి రోజంతా పడుతుంది. అలా ఐదు మధ్యాహ్నాలు పడుకుని, నిమ్మళం ముగిసేదాకా ఉన్నాను.

చిక్కడపల్లి: ప్లేటు ఇడ్లీకి రెండు కబుర్లు

హారన్ మోగని చిక్కడపల్లి రోడ్డును నేను ఇక్కడ ఏనాడూ చూడలేదు. అక్కడ చూశాను. ఒక ఆటో నా వెనకే చాలాసేపు మౌనంగా వచ్చి, చివరికి డ్రైవరు తల బయటపెట్టి, "సారు, మీకు తీరిక ఉన్నప్పుడు జర పక్కకు జరుగుతరా" అన్నాడు.

గల్లీ మొదట్లో అనసూయక్క ఇడ్లీ బండి. ఆమె చేతికి ఆకుపచ్చ రిబ్బను కట్టి ఉంది. ఆ గల్లీకి మజ్జిగ అక్క ఆమేనని దానర్థం. ఎవరి గొంతు లేచినా ఆమె స్టీలు గ్లాసు నిండా మజ్జిగ పోసి చేతికిస్తుంది. అది తాగడం అయ్యేదాకా మాట్లాడకూడదు. అల్లం, కరివేపాకు, పచ్చిమిరప వేసిన చక్కటి మజ్జిగ. కాని ఎంతని తాగుతారు? అరుగు మీద ఇద్దరు మనుషులు పొట్టలు పట్టుకుని ఆయాసపడుతున్నారు. వాళ్లది సరిహద్దు గోడ తగువట. పొద్దుటి నుంచి ఒక్కొక్కరికి ఏడు గ్లాసులు.

అలవాటు కొద్దీ ముందు ధర అడిగాను.

"ప్లేటుకు రెండు కబుర్లు సారు."

అక్కడ కబుర్లే చెల్లుతాయి. వేరే గల్లీ నుంచి తెచ్చిన కొత్త సంగతి ఒకటి చెబితే ఒక సరుకు.

"రెండా?"

"మొన్నటిదాంక ఒకటే ఉండె. ఇప్పుడు గల్లీలు వస్తలేవు, కబుర్లు ఎక్కడికెల్లి వస్తయి? మస్తు పిరమైనయి."

ముప్పయ్యేళ్లు వార్తలు మోసినవాడికి అవి చేతిలో పెడితే ఇడ్లీ వచ్చే ఊరు దొరకడం చిన్న విషయం కాదు. "మా ఊళ్లో గల్లీలు కదలవు" అన్నాను.

"ఎన్ని దినాలు మీ నిమ్మళం?"

"ఎప్పుడూ అంతే."

ఆమె నన్ను జాలిగా చూసి చట్నీ ఇంకో గరిటె వేసింది. "అయ్యో. మరి చుట్టాలు ఎట్ల కలుస్తరు?"

"నడిచి వెళ్తాం."

ఆమె నమ్మలేదు. సాక్ష్యంగా నా చెప్పు విప్పి అడుగు చూపించాను. మడమ దగ్గర సగం అరిగిపోయి ఉంది. ఆ ఊళ్లో చెప్పులు అరగవు. పెళ్లికి కొన్న జత పోయేదాకా వస్తుంది, చెప్పులు కుట్టేవాడు అనే మనిషే లేడు. నా ఎడమ చెప్పు నలుగురి చేతులు మారి తిరిగొచ్చింది. ఆ రెండు కబుర్లకు ఎనిమిది ఇడ్లీలు వచ్చాయి. పల్లీ చట్నీ రుచి మన దగ్గరి లాంటిదే. ఉప్పు కొంచెం ఎక్కువ.

తింటూ ఉండగా, పక్కన ఇస్త్రీ బండి దగ్గరున్న మనిషిని చూశాను. యాభై ఏళ్లుంటాయి. ఇస్త్రీ పెట్టె చేతిలోనే ఉంది, బొగ్గులు ఎప్పుడో ఆరిపోయాయి. చూపు గల్లీ చివరన ఉంది.

"నర్సింలు. పెండ్లాం కోసం చూస్తుండు" అంది అనసూయక్క, గొంతు తగ్గించి.

నర్సింలు తనే చెప్పాడు. "మా మరదలు బిడ్డకు తొట్టెల పండుగ ఉండె సారు, నారాయణగూడల. పోదాం పా అన్నది మా బాలమణి. గల్లీ ఎదురైనప్పుడు పోదం తియ్ అన్న. ఎదురైంది. జర ఈ నాలుగు చొక్కాలు అయినంక అన్న. ఆమె ఇంక నా దిక్కు చూడలె, దుంకింది అటు. నేను ఇస్త్రీ పెట్టె కింద పెట్టేవరకు గల్లీ పాయె. తెల్లారి నిమ్మళం పెట్టిన్రు."

"కోపంగా వెళ్లిందా?"

"మస్తు కోపంగ. నీ దగ్గరికి అందరు రావాలె, నువ్వు ఎవరి దగ్గరికి పోవు అన్నది. నేనెట్ల పోతా సారు? ఈడ ఎవడన్న పోతడా?"

అనసూయక్క మిగతాది చెప్పింది. తొమ్మిది రోజులు ఆపిన గల్లీలన్నిటినీ ఒకేసారి వదులుతారు. ఏది ఎటు పడుతుందో పెద్దలకే తెలియదు. మూలింటి రాజయ్య తమ్ముడు ఇలాగే అటు అంచు మీద ఉండిపోయి పదకొండేళ్లయింది. ఆ గల్లీ మళ్లీ ఎదురు కాలేదు.

"నర్సింలూ, ఇప్పుడు గల్లీలు కదలవు కదా" అన్నాను.

"కదలవు."

"నారాయణగూడ ఎక్కడుందో అక్కడే ఉంటుంది కదా."

"ఉంటది."

"మరి నడిచి వెళ్లు. మా ఊళ్లో ఇక్కణ్ణుంచి పావుగంట."

అతను గట్టిగా నవ్వాడు. అనసూయక్క గ్లాసు చేతిలో పెట్టింది. తాగుతూ ఆలోచించాడు. తాగడం అయ్యాక అతని ముఖం మారింది. "నడిచినంక మల్ల నా ఇల్లు?"

"అదీ కదలదు. నిమ్మళం కదా."

అరుగు మీది ఇద్దరూ తగువు మరిచి మా వైపు తిరిగారు. ఐదు రోజులుగా ఆ ఊరు ఊరంతా గల్లీ చివరల కూర్చుని, కదలని గల్లీలు వస్తాయని ఎదురు చూస్తోంది. అది తెలివితక్కువతనం అనను. కరెంటు పోయిందని తెలిసి కూడా గదిలోకి వెళ్లగానే మనం స్విచ్ వేస్తాం.

బండి వదిలి రానన్నాడు. దాని నిండా ఎక్కడెక్కడో చిక్కుకుపోయినవాళ్ల బట్టలున్నాయి. బండికి నాలుగు చక్రాలున్నాయి గాని అవి ఏనాడూ తిరగలేదు. తుప్పు పట్టి బిగుసుకున్నాయి. అనసూయక్క బజ్జీల మూకుడులో మిగిలిన నూనె పోసింది. మిరపకాయ వాసనతో చక్రాలు కదిలాయి.

లోయర్ ట్యాంక్ బండ్: నేను చూపించిన దారి

దారి చూపే బాధ్యత నాది. నలభై ఏళ్లుగా తిరుగుతున్న రోడ్డు. "దక్షిణానికి తిన్నగా పోవడమే" అని ధీమాగా ముందు నడిచాను.

పావుగంటలో రావాల్సిన నారాయణగూడ చౌరస్తా మర్నాటికీ రాలేదు. ఆరో రోజు పొద్దెక్కాక ఎదురుగా ట్యాంక్ బండ్ కట్ట లేచి నిలబడింది. గల్లీలు ఏ వరసలో ఉండగా నిమ్మళం పెట్టారో ఆ వరసలోనే ఆగిపోయాయి. మన ఊరి వరసకూ దానికీ సంబంధం లేదు. ఈ మాట నాకు బయల్దేరే ముందే తట్టాల్సింది. నర్సింలు నన్ను తప్పు పట్టలేదు. "మీ ఊర్ల గూడ ఇట్లనే తప్పిపోతరా సారు?" అని మాత్రం అడిగాడు.

త్వరగా నడుద్దామంటే కుదరదు. అడుగు కొంచెం వడిగా పడితే చాలు, ఎక్కణ్ణుంచో ఆకుపచ్చ రిబ్బను ప్రత్యక్షమవుతుంది. తొమ్మిదో రోజు సాయంత్రంలోగా చేరాలి, తొందర పడకుండా చేరాలి. ఆ కట్ట కిందే నాలుగు గ్లాసులు తాగాం.

అక్కడొక చింత చెట్టు చాటున ఒకాయన లుంగీ, బనీనుతో నిలబడి ఉన్నాడు. బండిని చూడగానే ఆయన కళ్లు చెమర్చాయి.

"నర్సింలూ, అది నా తెల్ల చొక్కానే కదా?"

నిమ్మళం పెట్టిన పొద్దున కరివేపాకు కోసం బయటికొచ్చిన మనిషి. అంచు మీద నుంచి ఇటు దాటాడు, ఇక్కడే ఉండిపోయాడు. బ్యాంకులో ఆఫీసరు. ఆరు రోజులుగా లుంగీలో ఎవరి ఎదుటా పడలేక చెట్టు చాటునే ఉంటున్నాడు. చొక్కా, ప్యాంటు తొడుక్కుని బయటికి రాగానే గొంతే మారిపోయింది. "నారాయణగూడ నాకు తెలియదు. ఆ పక్కన అశోక్ నగర్ ఉంది. అక్కడ పిల్లలు అన్నీ చదివినవాళ్లు. అడగండి" అన్నాడు. చేతిలోని కరివేపాకు కట్ట మాకిచ్చాడు. వాడిపోయింది గాని వాసన పోలేదు.

బయల్దేరబోతుంటే నర్సింలు చెప్పు తెగింది. కుట్టేవాడు లేని ఊరు. నా చెప్పులు అతనికిచ్చి నేను ఉత్త కాళ్లతో నడిచాను. అవి అతనికి ఒక సైజు తక్కువ.

అశోక్ నగర్: పైవేవీ కావు

ఏడో రోజు అశోక్ నగర్. ఇక్కడి లాగే అక్కడా ఇంటింటా స్టడీ హాలు, గోడ గోడకూ కోచింగ్ పోస్టరు. ఇక్కడి లాగే అక్కడా పాలమూరు నుంచి, నల్లగొండ నుంచి వచ్చిన పిల్లలు సర్కారు కొలువు కోసం చదువుతున్నారు. ఊరంతటిలో నిమ్మళం ఏ మార్పూ తేని చోటు అదొక్కటే.

"మాకు ఏడేండ్ల నుంచి నిమ్మళమే సారు" అంది స్వరూప అనే అమ్మాయి. "నోటిఫికేషన్ వచ్చిననాడే జర కదులుతం."

ఇంటర్వ్యూ కోసం ఆమె ఇస్త్రీకి ఇచ్చిన చుడీదారు నర్సింలు బండిలో దొరికింది. అతను అందించగానే, దాన్ని మడత విప్పకుండా రెండు చేతులతో పట్టుకుని స్టడీ హాల్లోకి తీసుకెళ్లి దాచుకుని వచ్చింది. తర్వాత మాకు హాస్టల్ భోజనం పెట్టించింది. పప్పులో నీళ్లున్నాయా, నీళ్లలో పప్పుందా అన్నది తేల్చుకోలేకపోయాను. మా కరివేపాకు అందులో వేయించాక బాగుంది. భోజనం ధర మూడు కబుర్లు. బ్యాంకు ఆఫీసరు లుంగీ కథ ఒక్కటే మూడింటికి సరిపోయింది. దాన్ని స్టడీ హాలంతా నోట్లో చున్నీలు, రుమాళ్లు కుక్కుకుని విన్నది.

పార్కు పక్కన ధర్నా కూడా చూశాను. నిమ్మళం ఎత్తేయాలని యాభై మంది వరసగా కూర్చుని పిడికిళ్లు మెల్లగా పైకెత్తి, గుసగుసగా, "నహీ చలేగా, నహీ చలేగా" అంటున్నారు. నా ఉద్యోగ జీవితంలో ఎన్నో ధర్నాలు రాశాను. డిమాండ్లన్నీ స్పష్టంగా వినపడ్డది ఇదొక్కటే.

నారాయణగూడ ఎక్కడని స్వరూపను అడిగాను. ఆమె మామూలుగా చెప్పలేదు.

"నారాయణగూడ ప్రస్తుతం ఏ ప్రాంతమును ఆనుకొని ఉన్నది? ఎ, ట్యాంక్ బండ్. బి, అశోక్ నగర్. సి, అంబర్‌పేట్. డి, పైవేవీ కావు."

నర్సింలు నా ముఖం చూశాడు. "సి" అన్నాను.

"నెగెటివ్ మార్కు. జవాబు డి."

ఆమె ఒక మోడల్ పేపరు తిప్పి చూపించింది. వెనక పెన్సిలుతో ఊరి పటం. స్టడీ హాల్లో తలా ఒక గల్లీ నుంచి వచ్చి చిక్కుకున్నవాళ్లున్నారు. ఎవరి గల్లీ పక్కన ఏది చూశారో ఒక్కొక్కరినీ అడిగి, ముక్కలు కలుపుకుంటూ గీసింది.

"ఇదిగో, అన్నా, మీ ఇస్త్రీ బండి ఉండే జాగ. దీని ఎనక సినిమాహాలు గోడ. ఆ గోడ అవతల నారాయణగూడ."

నర్సింలు పటం మీద వేలు పెట్టాడు. ఆ వేలు చాలాసేపు తీయలేదు. ఏడు రోజులుగా భార్యాభర్తల మధ్య ఉన్నది తొమ్మిది అంగుళాల ఇటుక గోడ. నేను వచ్చి అతన్ని దానికి సరిగ్గా వ్యతిరేక దిక్కుకు రెండు రోజులు నడిపించాను.

"గోడ ఎక్కలేమా?" అన్నాను, ఏదో ఒకటి అనాలి కనుక.

"మూడంతస్తులు సారు. బాగ్ లింగంపల్లి మీది నుంచి చుట్టు తిరిగి పోవాలె. ఈ నడకకు రెండు దినాలు."

రెండు రోజులే మిగిలున్నాయి. క్షమించమని నర్సింలును అడిగాను.

"మీరు రాకుంటే ఆ అరుగు మీదనే ఉందును సారు" అన్నాడు. "పాండ్రి, పోదాం."

బాగ్ లింగంపల్లి: కాలికి మొలిచింది

ఎనిమిదో రోజంతా నడకే. దారిలో ఒక టీచరమ్మకు చీర, ఒక పోస్ట్‌మన్‌కు ఖాకీ జత, ఇద్దరన్నదమ్ములకు ఒకే రకం చొక్కాలు అప్పగించాడు నర్సింలు. ప్రతి ఇంట్లో కూర్చోబెట్టి నీళ్లిచ్చారు, కబుర్లడిగారు. తన దగ్గర కబుర్లున్నాయన్న సంగతి అతనికి మెల్లగా తెలిసొచ్చింది. లుంగీ కథ మూడోసారి నాకంటే బాగా చెప్పాడు.

మధ్యాహ్నం గ్రంథాలయం మెట్ల మీద ఆగాం. లోపల చదువుకునేవాళ్లు ఎవరూ తలెత్తలేదు. నిమ్మళం అని వాళ్లకు ఇంకా ఎవరూ చెప్పలేదేమో. నర్సింలు చెప్పు విప్పి, పాదం పట్టుకుని భయంగా పిలిచాడు.

"సారు, నా కాలుకు ఇదేందో మొలిచింది."

మడమ పైన రూపాయి బిళ్లంత బొబ్బ. నా చెప్పు ఒరుసుకుని వచ్చింది. అతను పుట్టాక అలాంటిది చూడలేదు.

"బొబ్బ. నడిస్తే వస్తుంది. తగ్గిపోతుంది."

"మీ ఊర్ల అందరికి వస్తదా?"

"నడిచినవాళ్లకు."

"మరి ఎందుకు నడుస్తరు?"

"ఎదురు చూస్తూ కూర్చుంటే మా దగ్గరికి ఎవరూ రారు నర్సింలూ."

అతను దాని గురించి ఆలోచిస్తూ బొబ్బను ఊదుకున్నాడు. మా ఊరి నారాయణగూడలో నాకొక పాత స్నేహితుడున్నాడు. పావుగంట దూరం. వెళ్లి ఏడాది దాటింది. ఆ కబురు మాత్రం నేను అతనికి చెప్పలేదు.

నారాయణగూడ: జోలపాట

తొమ్మిదో రోజు పొద్దు వాలుతుండగా ఫ్లైఓవర్ కనిపించింది. ఇరానీ హోటల్ ముందు ఆగి మరదలి ఇల్లడిగాం. చాయ్ నాలుగు కబుర్లు, ఉస్మానియా బిస్కెట్ ఒకటి. నర్సింలు తన బొబ్బ చూపించాడు. ఇద్దరికీ చాయ్ వచ్చింది, ఒక ప్లేటు బిస్కెట్లు వచ్చాయి, దారి చూపే మనిషీ వచ్చాడు.

సినిమాహాలు గోడ నీడలో చిన్న ఇల్లు. వాకిట్లో తొట్టెల ఊపుతూ బాలమణి కూర్చుని ఉంది. భర్తను చూసి ఊపడం ఆపలేదు.

"వచ్చినవా. గల్లీ ఎప్పుడొచ్చింది? నాకు కనవడలె."

"గల్లీ రాలె. నేనొచ్చిన."

"ఎట్ల?"

"నడిచి."

"నిమ్మళం ఉన్నదని ఏది చెప్తే అది ఇంట అనుకుంటున్నవా?"

అతను మెట్టు మీద కూర్చుని పాదం చాపాడు. ఆమె చూసింది. లోపలి నుంచి చెల్లెలు సుగుణ వచ్చి చూసింది. పక్కిళ్లవాళ్లు వచ్చి చూశారు. బాలమణి వేలితో దాన్ని మెల్లగా తాకింది.

"నొస్తదా?"

"నొస్తది."

"ఎన్ని దినాలు నడిచినవ్?"

"నాలుగు."

"నా కోసమేనా?"

"మరెవరి కోసం?"

ఆమె ముఖం అటు తిప్పుకుంది. తిప్పుకుని, తిట్టాలని నోరు తెరిచింది. ఆ గల్లీ మజ్జిగ అక్క అప్పటికే గ్లాసు నింపి సిద్ధంగా ఉంది. బాలమణి ఆమెను చూసింది, తొట్టెలను చూసింది, ఊపడం మొదలుపెట్టి, తీయగా జోలపాట ఎత్తుకుంది.

"నాలుగు సొక్కాలాయె నాకన్న ఎక్కువాయె, జోజో... పోదాం పా అన్ననాడు పొయ్యెక్కి కూసుండె, జోజో... ఇరవై ఏండ్లాయె ఇంటి గడప దాటడాయె, జోజో..."

అది పావుగంట సాగింది. అత్తగారు వచ్చారు అందులో, పోయిన బోనాలకు తేని గాజులు వచ్చాయి. పాప హాయిగా నిద్రపోయింది. జోలపాటకు మజ్జిగ పోసే నిబంధన లేదు. మజ్జిగ అక్క గ్లాసు పట్టుకుని నిలబడి చివరికి తనే తాగేసింది. నర్సింలు తల వంచుకుని విన్నాడు. అతని భుజాలు నవ్వుకు కదులుతున్నాయి గాని చప్పుడు రానివ్వలేదు.

పాట అయ్యాక గోడ వైపు చూపించాడు. "మన అరుగు దీని అవతలనే ఉన్నది. నువ్వు ఒక్కపారి అరిస్తే ఇనొస్తుండె."

"అరవద్దన్నరు గద" అంది బాలమణి.

ఇద్దరూ గోడను చూస్తూ కూర్చున్నారు.

డప్పు

చీకటి పడకముందే చౌరస్తాలో డప్పు మోగింది. నిమ్మళం అయిపోయింది. జనం ఇళ్ల తలుపులు పట్టుకున్నారు, పిల్లల చేతులు పట్టుకున్నారు. ఎక్కడో ఒక హారన్ మోగింది. కాళ్ల కింద నేల సన్నగా వణికింది.

"అక్కా, లోపలికి రా. బావా, నువ్వు గూడ" అని సుగుణ పిలిచింది.

బాలమణి లోపలికెళ్లి బట్టల సంచి తెచ్చి ఖాళీ బండి మీద పడేసింది. పాప నుదుటి మీద ముద్దు పెట్టుకుంది. "తొట్టెల అయింది, ఉన్న పని అయింది. ఇంటికి పోత చెల్లె."

"గోడ జరుగుతదక్కా. మీ గల్లీ ఏడికి పోతదో ఏమో."

"ఏడికన్న పోనీ. ఈయనకు నడుసుడు వచ్చింది గద."

చెల్లెలికి అర్థం కాలేదు. బాలమణి బండికి ఒక పక్కన చెయ్యి వేసింది, నర్సింలు ఇంకో పక్కన వేశాడు. నాకు చెప్పులు తిరిగివ్వబోయాడు. వద్దన్నాను, అతనికి ముందు చాలా దూరం ఉంది. నాలుగడుగులు వేశారో లేదో చక్రం గుంతలో దిగబడింది.

"ఓ అయ్యా, కండ్లు ఏడ పెట్టినవ్? సక్కగ తొయ్యరాదు?"

తొమ్మిది రోజులు దాచిన గొంతు. అది మూడంతస్తుల గోడకు తగిలి తిరిగొచ్చింది. నర్సింలు తల వెనక్కి వాల్చి పగలబడి నవ్వాడు. నేను నిలబడ్డ గల్లీ అటు జరిగింది, వాళ్లు నడుస్తున్న రోడ్డు ఇటు జరిగింది. బండి మలుపు తిరిగాక కూడా ఆమె మాట వినిపిస్తూనే ఉంది. ఆ తర్వాత వినిపించింది నా మేడ గది కింద రోడ్డు మీది ఉల్లిగడ్డల బండి మైకు.

మళ్లీ ఇడ్లీ బండి

వారం తర్వాత ఒక మధ్యాహ్నం మళ్లీ ఆ ఊళ్లో తేలాను. గల్లీలు ఎప్పటిలా తిరుగుతున్నాయి. అదృష్టం కొద్దీ అనసూయక్క బండి ఎదురైంది. ఆకలిగా ఉంది. చేతిలో మంచి కబురుంది. కనీసం పన్నెండు ఇడ్లీల కబురు. నిమ్మళం, పటం, గోడ, జోలపాట, అన్నీ వరసగా, ఒక్క వివరం వదలకుండా చెప్పాను.

అనసూయక్క మొత్తం విని ఇడ్లీ గిన్నె మూత పెట్టేసింది.

"ఇది పాతది సారు."

"పాతదెలా అవుతుంది?"

"ఆమె తిట్టింది గోడ అవతలకెల్లి ఆనాడే ఇన్నం. మిగిలింది నిన్న వాళ్లే వచ్చి చెప్పిపోయిన్రు."

"వాళ్ల గల్లీ ఎదురైందా?"

"గల్లీ ఎక్కడిది. నడుచుకుంట వచ్చిన్రు ఇద్దరు, బండి తోసుకుంట. ఆమె కాలుకు గూడ అయింది ఒకటి. ఇద్దరిది చూపించిన్రు. ఇరవై ఇడ్లీలు పెట్టిన."

"ఇప్పుడెటు వెళ్లారు?"

"రాజయ్య తమ్ముడు ఏడున్నడో దేవులాడుతమని పోయిన్రు."

నా కబురు చెల్లలేదు. ఆ పూట ఆకలితోనే లేచాను. సాయంత్రం ఎండ చల్లబడ్డాక గుమ్మం దగ్గరి చెప్పులు తొడుక్కుని నారాయణగూడ వైపు నడిచాను. పావుగంటే పట్టింది.